గైడ్ కుక్కకు ఎంత ఖర్చవుతుంది?

చూపు పూర్తిగా పోయినవారి ఇంటివాళ్ళు అప్పుడప్పుడు మమ్మల్ని అడుగుతుంటారు: "సిస్టర్ గారూ, టీవీలో చూపించారే, దారి చూపే కుక్క, అది కొంటే ఎంతవుతుందండీ?"

అది సంతలో దొరికే సరుకు కాదు. అమెరికాలో 1929లో మొదలైన సీయింగ్ ఐ అనే సంస్థ పద్ధతి చూడండి. లాబ్రడార్ వంటి జాతి పిల్లను మొదట ఒక కుటుంబం సుమారు ఏడాది పెంచుతుంది. తరువాత శిక్షకుడు కొన్ని నెలలు నేర్పుతాడు. చివరకు కుక్కనూ మనిషినీ కలిపి కొన్ని వారాలు నడిపిస్తారు. ఒక్కో కుక్కకు పదుల వేల డాలర్లు, అంటే మన డబ్బులో లక్షలు. అయినా మొదటి కుక్కకు వారు తీసుకునేది 150 డాలర్లే, మిగతాది దాతలు భరిస్తారు. మన జిల్లాల్లో అటువంటి ఏర్పాటు లేదు. కనుక "శిక్షణ ఇచ్చిన కుక్క" అని ఎవరైనా బేరం పెడితే అప్పు చేసి కొనకండి.

తెచ్చుకున్నాక ఖర్చు మొదలవుతుంది. పెద్ద జాతి కుక్కకు రోజూ మంచి తిండి, ఏటా రేబిస్ టీకా, నులిపురుగుల మందు, జబ్బు చేస్తే పశువైద్యం కావాలి. మన రాష్ట్రంలో 2024 నుంచి చూపులేనివారికి ఇస్తున్న పింఛను నెలకు 6,000 రూపాయలు. అందులో ఎంత మిగులుతుందో మీరే లెక్క వేసుకోండి. అది పనిచేసేది ఎనిమిదేళ్ళో, మరికొంత కాలమో. ఆ తరువాత కూడా దాన్ని పోషించాలి కదా!

ఇంకొక సంగతి చాలామందికి తెలియదు. దారి కుక్కకు తెలియదు, మనిషికే తెలియాలి. ఎటు తిరగాలో మనిషి చెప్తే, అడ్డం వచ్చినవాటిని కుక్క తప్పిస్తుంది. అందుకే కర్రతో నడవడం వచ్చినవారికే ఆ సంస్థలు కుక్కను ఇస్తాయి. పైగా ఏలూరు బజారులోనైనా, తాడేపల్లిగూడెం మార్కెట్ దగ్గరైనా, కొల్లేటి చేపల చెరువు గట్ల మీదైనా వీధికుక్కలు దాన్ని ఊరకే పోనివ్వవు.

అన్నిటికంటే ముందు కంటి డాక్టరుకు చూపించారా? ముసలితనం వల్ల పోయిందని వదిలేసిన చూపు శుక్లం ఆపరేషన్‌తో తిరిగి రావచ్చు. రాదని డాక్టరు తేల్చి చెబితే, వికలత్వ ధ్రువపత్రం తీసుకోండి. పింఛనుకూ, రైలు టికెట్ రాయితీకీ అదే ఆధారం. రైల్లో తోడు వచ్చేవారికి కూడా రాయితీ ఉంది.

మడత తెల్లకర్ర కొన్ని వందల రూపాయలకు వస్తుంది. ఆదాయం తక్కువైనవారికి కేంద్ర ప్రభుత్వ ఎడిప్ పథకం శిబిరాల్లో ఉచితంగా ఇస్తారు. నేల నుంచి రొమ్ము ఎముక దాకా వచ్చే పొడవు చూసుకోండి. పొట్టి కర్ర అయితే గుంట తెలిసేసరికి కాలు అందులో ఉంటుంది. కర్ర కొన తిరిగి తిరిగి అరిగిపోతుంది, మార్పించండి.

కర్ర అలవాటయ్యే దాకా మీరే తోడు నడవాలి. చెయ్యి పట్టి లాగకండి, వెనుక నుంచి తోయకండి. మీ మోచేతి పైభాగాన్ని వారినే పట్టుకోనిచ్చి, మీరు అర అడుగు ముందు నడవండి. మెట్టు వచ్చినప్పుడు ఎక్కాలో దిగాలో ముందే చెప్పండి.