యుద్ధకాలపు వార్తాచిత్రాలు: తెలుగు వ్యాఖ్యానం, నిర్బంధ ప్రదర్శన

రెండవ ప్రపంచయుద్ధకాలంలో తెలుగు ప్రేక్షకుడు టిక్కెట్టు కొన్నది కథాచిత్రానికి. దానితోపాటు చూడవలసి వచ్చింది ప్రభుత్వ చిత్రాన్ని. ఈ నిర్బంధాన్ని పక్కనపెట్టి ఆనాటి వార్తాచిత్రాలను ప్రజాదరణకు నిదర్శనంగా గ్రహించడం పొరపాటని ఈ వ్యాస ప్రతిపాదన.

బ్రిటిష్ ఇండియా ప్రభుత్వం 1940లో ఫిల్మ్ అడ్వయిజరీ బోర్డును ఏర్పరచింది. బ్రిటన్ డాక్యుమెంటరీ రంగానికి చెందిన అలెగ్జాండర్ షా మొదట నిర్మాణ బాధ్యత వహించాడు. 1943లో ఇన్ఫర్మేషన్ ఫిల్మ్స్ ఆఫ్ ఇండియా, ఇండియన్ న్యూస్ పరేడ్ రంగంలోకి వచ్చాయి. ఇంగ్లీషు, హిందుస్తానీ, బెంగాలీ, తమిళ, తెలుగు భాషలలో ఇవి వెలువడ్డాయి. దృశ్యం ఒకటే, వ్యాఖ్యానం మాత్రమే అయిదు రకాలు. కనుక తెలుగు ప్రతి అంటే తెలుగు నేల చిత్రం అని అర్థం కాదు.

అదే సంవత్సరం భారత రక్షణ నిబంధనలలో చేరిన 44ఎ ప్రకారం ప్రతి ప్రదర్శనలోనూ ప్రభుత్వం ఆమోదించిన చిత్రాలను 2,000 అడుగుల వరకు చూపించాలి. నిమిషానికి 90 అడుగుల చొప్పున అది సుమారు 22 నిమిషాలు. థియేటర్ల యజమానులు వాటికి అద్దె కూడా చెల్లించవలసి వచ్చింది. మరోవైపు ముడి ఫిల్ము కొరత పేరిట కథాచిత్రాల నిడివిని 11,000 అడుగులకు పరిమితం చేశారు. నిర్మాతల అసంతృప్తికి కారణం వేరుగా వెతకనక్కరలేదు.

1942 ఏప్రిల్ 6న విశాఖపట్నం, కాకినాడలపై జపాన్ బాంబులు పడ్డాయి. కోస్తా ప్రేక్షకునికి యుద్ధం తెరమీది వార్త మాత్రమే కాదు. నిజాం రాజ్యంలోని కరీంనగర్ జిల్లాలో భాగమైన సిరిసిల్ల, వీర్నపల్లి ప్రాంతాల సంగతి వేరు. బ్రిటిష్ ఇండియా నిబంధనలు అక్కడ నేరుగా వర్తించవు. ‘తెలుగు ప్రేక్షకులు’ అని ఏకమొత్తంగా వ్రాసే పరిశోధకులు ఈ సరిహద్దును గమనించాలి.

అన్నీ యుద్ధచిత్రాలే అనుకోరాదు. ఎ. భాస్కరరావు ‘ట్రీ ఆఫ్ వెల్త్’ కొబ్బరిచెట్టును గురించినది. ప్రచారయంత్రాంగమే భారతీయ డాక్యుమెంటరీకారులకు శిక్షణశాల అయింది. నా దృష్టిలో ఆ కాలపు అసలైన వైరుధ్యం ఇదే.

1946లో కేంద్ర శాసనసభ నిధులను తిరస్కరించడంతో ఈ సంస్థలు మూతపడ్డాయి. ఫలితంగా 1947 ఆగస్టు 15 నాటికి ఆ ఘట్టాన్ని చిత్రించడానికి ప్రభుత్వానికి సొంత చలనచిత్ర విభాగమే లేదు. ఆ పని ప్రైవేటు కెమెరాలకు మిగిలింది. 1948లో ఫిలిమ్స్ డివిజన్ ఏర్పడింది. నిర్బంధ ప్రదర్శన మళ్ళీ వచ్చింది, ఈసారి థియేటర్ల లైసెన్సు షరతుగా. యుద్ధకాలంలో ఇన్ఫర్మేషన్ ఫిల్మ్స్‌ను నడిపిన ఎజ్రా మీర్ 1950లలో అక్కడే ప్రధాన నిర్మాత అయ్యాడు.