ఇంటి అప్పు: అసలెంత? వడ్డీ ఎంత?

మా మేనల్లుడు హైదరాబాదులో ఉద్యోగము చేయుచున్నాడు. 2024 సంక్రాంతికి మా ఇంటికి వచ్చినప్పుడు అతనికి ముప్పదిమూడేండ్లు. నగరమునకు కొంచెము ఎడముగా ఒక ఫ్లాటు బేరము చేసికొని, అప్పు కాగితములు చేత బట్టుకొని వచ్చినాడు. పండుగ భోజనము కాగానే ఆ కాగితములు నా ముందు పరచి, "మామయ్యా, ముప్పావలా వడ్డీ! ఊళ్ళో రెండు రూపాయల వడ్డీకి కూడా అప్పు పుట్టడం లేదు. ఇంతకంటె చవక ఎక్కడ దొరుకుతుంది?" అన్నాడు.

అతడు చెప్పినది అబద్ధము కాదు. మన పెద్దలు వడ్డీని నూటికి నెలకింత యని లెక్కింతురు. బ్యాంకులు సంవత్సరమునకింత యని లెక్కించును. ముప్పావలా వడ్డీ యనగా సంవత్సరమునకు నూటికి 9 రూపాయలు. రెండు రూపాయల వడ్డీ యనగా 24 రూపాయలు. ఈ రెంటిలో ఏది చవుకయో చెప్పుటకు పెద్ద గణితము అక్కరలేదు. అయినను వడ్డీ యనునది డబ్బునకు చెల్లించు బాడుగ. బండి బాడుగ మైలుకింత యని తక్కువలోనే కుదిరినను, ప్రయాణము కాశీ వరకైనచో చెల్లింపవలసిన మొత్తము తక్కువ కాదు గదా! మా మేనల్లుడు మైలు బాడుగ చూచినాడే గాని మైళ్ళు లెక్కపెట్టలేదు. ఆ మధ్యాహ్నము మేమిద్దరము కూర్చుండి లెక్కించినది ఆ మైళ్ళనే. ఆ లెక్కనే ఇచ్చట వివరించుచున్నాను. చదువరులు కాగితము, పెన్సిలు దగ్గర నుంచుకొనుట మంచిది.

అప్పు 30 లక్షలు. వడ్డీ 9 వంతు. గడువు 20 సంవత్సరములు, అనగా 240 నెలలు. నెలనెలా సమానముగా చెల్లించు కిస్తు, నేడు అందరును ఇ.ఎం.ఐ. అని వ్యవహరించునది, 26,992 రూపాయలు. దీనిని 240 చేత గుణింపుడు. సుమారు 64 లక్షల 78 వేలు వచ్చును. తెచ్చినది 30 లక్షలు; వడ్డీ 34 లక్షల 78 వేలు. అసలు కంటె వడ్డీయే అధికము. అప్పు కాగితములలో కిస్తు మొత్తము పెద్ద అక్షరములతో నుండును. ఈ గుణకారము మాత్రము మనమే చేసికొనవలెను.

మా మేనల్లుడు కొంతసేపు మౌనముగా నుండి, "నూటికి తొమ్మిది రూపాయలే కదా, నూరు దాటి ఎలా అయింది?" అన్నాడు. ఈ ప్రశ్న చాలమందికి కలుగును. బ్యాంకువారేదో కనికట్టు చేసి మొదటి సంవత్సరములలోనే వడ్డీని లాగికొందురని అనుకొనువారు కూడ కలరు. అందు నిజము లేదు. జరుగునది ఇది: ప్రతి నెలయు, ఆనాటికి మిగిలియున్న అసలుపై ఆ ఒక్క నెలకు మాత్రమే వడ్డీ కట్టుదురు. కిస్తులో ముందుగా ఆ వడ్డీ తీసివేయుదురు. మిగిలినదే అసలుకు చెల్లును. మొదటి నెలలో 30 లక్షలపై నూటికి ముప్పావలా చొప్పున వడ్డీ 22,500 రూపాయలు. చెల్లించిన 26,992 లో అసలుకు పోయినది 4,492 మాత్రమే. మరుసటి నెలలో అసలు ఆ మేరకు తగ్గును గనుక వడ్డీయు ఒక ముప్పదినాలుగు రూపాయలు తగ్గును. అంతియే. నూతిలోని నీరు చెంబుతో తోడుచున్నట్లుండును.

ఈ నడక ఎంత మందమో మరికొంత చూడుడు. మొదటి సంవత్సరమున మొత్తము 3 లక్షల 24 వేలు చెల్లించినను, అప్పు తగ్గునది 56 వేలు. పది సంవత్సరములు, అనగా గడువులో సరిగా సగము, గడచునప్పటికి చెల్లించినది 32 లక్షల 39 వేలు. తెచ్చిన అప్పు కంటె ఇదియే ఎక్కువ. అయినను ఇంకను తీరవలసిన అసలు 21 లక్షల 31 వేలు! కిస్తులో వడ్డీ కంటె అసలు భాగము మించుటకు పన్నెండు సంవత్సరములు దాటవలెను. అసలులో సగము తీరుటకు పదునాలుగు సంవత్సరములు పట్టును. పది సంవత్సరముల తరువాత ఇల్లు అమ్మదలచినవారు, ‘సగము అప్పు తీరియుండును’ అను తలంపుతో బ్యాంకునకు పోయి నిర్ఘాంతపడుట ఇందువలననే.

ఇక అసలు చిక్కు గడువులో నున్నది. మా వాని కాగితములలో గడువు 20 సంవత్సరములు కాదు, 30 సంవత్సరములు. అప్పు ఇప్పించిన మధ్యవర్తి, "కిస్తు తక్కువ పడుతుంది, చేతిలో నాలుగు డబ్బులు ఆడతాయి" అని చెప్పినాడట. కిస్తు తక్కువ పడుట నిజమే: 24,139 రూపాయలు. నెలకు 2,853 రూపాయలు ఆదా. కాని ముప్పది సంవత్సరములకు చెల్లింపవలసినది సుమారు 86 లక్షల 90 వేలు. నెలకు మూడువేలకు లోపు వెసులుబాటు కొరకు అదనముగా చెల్లించు వడ్డీ 22 లక్షలు. అంతేగాక ఆ అప్పు తీరునాటికి అతని వయస్సు అరువది మూడు. జీతము ఆగిపోయిన తరువాత కూడ కిస్తు ఆగదు.

అదే అప్పును 15 సంవత్సరములకు కుదించినచో కిస్తు 30,428 రూపాయలగును. ఇరువది సంవత్సరముల కిస్తుకంటె 3,436 మాత్రమే ఎక్కువ. కాని మొత్తము వడ్డీ 24 లక్షల 77 వేలకు దిగును. పది లక్షలు మిగులును. గడువు పొడిగించుకొలది కిస్తు తగ్గుట క్రమముగా మందగించును. వడ్డీ పెరుగుట మాత్రము మందగింపదు. పదునైదు నుండి ఇరువదికి పోయినప్పుడు కిస్తులో దొరకిన ఊరట, ఇరువది నుండి ముప్పదికి పోయినప్పుడు అంతకూడ దొరకదు. ఐదేండ్లకు 3,436 తగ్గినది, పదేండ్లకు 2,853 మాత్రమే తగ్గినది. ఈ ఒక్క సంగతి గ్రహించినవారు ముప్పది సంవత్సరముల గడువునకు సులభముగా చేవ్రాలు చేయరని నా అభిప్రాయము.

ఇంతవరకు వడ్డీ రేటు మారదనుకొని లెక్కించితిమి. గృహఋణములలో అధికభాగము మారుచుండు వడ్డీకి ఇచ్చునవే. 2019 అక్టోబరు 1 నుండి బ్యాంకులు అట్టి క్రొత్త గృహఋణముల వడ్డీని బయటి కొలమానము నొకదానికి ముడిపెట్టవలెనని రిజర్వు బ్యాంకు విధించినది. చాల బ్యాంకులు రిపో రేటును ఎన్నుకొన్నవి. ఆ రేటు 2020 మే నుండి రెండేండ్లు 4 వంతున నిలిచి, 2022 మే మొదలు 2023 ఫిబ్రవరి లోపల 6.5 కు ఎగబ్రాకెను. పది నెలలలో రెండున్నర వంతు!

దీని ఫలితమెట్టిదో ఒక లెక్కతో తెలియును. 30 లక్షలు 7 వంతు వడ్డీకి, 20 సంవత్సరముల గడువునకు తెచ్చినారనుకొందము. కిస్తు 23,259. ఒక సంవత్సరము గడచునప్పటికి మిగిలిన అసలు 29 లక్షల 28 వేల చిల్లర. అప్పుడు వడ్డీ 9.5 కు పెరిగినది. ఆ నెల వడ్డీయే 23,185 రూపాయలు. కిస్తు పెంచనిచో అసలుకు చెల్లునది 74 రూపాయలు! ఆ విధముగానే సాగినచో ఆ అప్పు తీరుటకు మరి అరువది సంవత్సరములు పట్టును. తాత తెచ్చిన అప్పు మనుమడు తీర్చవలసివచ్చును. కొందరు ఋణగ్రహీతల విషయమున వడ్డీ పెరిగినప్పుడు కిస్తు ముట్టుకొనక, గడువు మాత్రమే చప్పుడు చేయకుండ పొడిగించిరి. నెలనెలా అదే మొత్తము పోవుచుండుటచే వారికి మార్పు తెలియనే లేదు. ఈ స్థితిని గమనించియే 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఆదేశము వెలువరించినది: వడ్డీ మారినప్పుడు ఆ సంగతి ఋణగ్రహీతకు తెలుపవలెను, కిస్తు పెంచుటయా, గడువు పొడిగించుటయా, రెండునునా యని అతనినే అడుగవలెను, కిస్తు ఆ నెల వడ్డీకైనను చాలని దుస్థితి కలుగరాదు. కనుక బ్యాంకు నుండి వచ్చిన జాబును చదువక బల్ల సొరుగులో పడవేయుట కూడదు.

భారము తగ్గించుకొను మార్గము లేకపోలేదు. అది మధ్యలో అసలునకు కొంత జమచేయుట. వ్యక్తులు తీసికొన్న మారు వడ్డీ గృహఋణములను ముందుగా తీర్చినందుకు బ్యాంకులు జరిమానా వసూలు చేయరాదని రిజర్వు బ్యాంకు 2012 లోనే శాసించినది. స్థిర వడ్డీ అప్పులకు మాత్రము షరతులు చూచుకొనవలెను. మన మొదటి లెక్కలో, అనగా 9 వంతు, 20 సంవత్సరముల అప్పులో, మొదటి సంవత్సరాంతమున ఒక లక్ష అదనముగా జమచేసి కిస్తు మార్చకున్నచో గడువు 19 నెలలు తగ్గును. మిగులు వడ్డీ 4 లక్షల 13 వేలు. అదే లక్షను పదునైదవ సంవత్సరాంతమున జమచేసినచో మిగులునది సుమారు 54 వేలు మాత్రమే. ‘పిల్లల చదువులైన పిమ్మట చూతములే’ అనుకొనువారు ఈ రెండంకెలను ప్రక్కప్రక్కన వ్రాసికొని చూడవలెను. పెద్ద మొత్తములు సమకూడనివారు ఏటికొక్క కిస్తు అదనముగా చెల్లించినను ఇరువది సంవత్సరముల అప్పు పదహారున్నర సంవత్సరములలో తీరును. వడ్డీలో సుమారు 7 లక్షలు మిగులును. అయితే జమచేయునప్పుడు ‘కిస్తు తగ్గింపవద్దు, గడువు తగ్గింపుడు’ అని వ్రాతమూలకముగా కోరవలెను. కిస్తు తగ్గించుకొన్నచో ఈ లాభములో చాలభాగము జారిపోవును.

చిల్లర ఖర్చులను గూర్చి ఎక్కువ చెప్పను. రిజిస్ట్రేషను, దస్తావేజుల తనఖా, బ్యాంకు పరిశీలన రుసుము మొదలగునవి ఒక్కసారి పోవునవి. ఒక్కదానియందు మాత్రము జాగరూకత అవసరము. ఋణముతోపాటు బీమా చేయించి, ఆ ప్రీమియమును కూడ అప్పులోనే కలుపుదురు. బీమా మంచిదే, సంపాదించువాడు పోయినచో ఇల్లు నిలుపునది అదియే. కాని 60 వేల ప్రీమియమును 9 వంతున 20 సంవత్సరముల అప్పులో కలిపినచో అది సుమారు 1 లక్షా 30 వేలగును. చేతినుండి చెల్లించుట మేలు. ఆదాయపు పన్ను మినహాయింపును గూర్చి గొప్పగా చెప్పువారున్నారు. తాను నివసించు ఇంటి వడ్డీపై పాత విధానమునందు ఏటికి 2 లక్షల వరకే మినహాయింపు. క్రొత్త విధానమునందు అదియు లేదు. మినహాయింపు యనగా ఆ సొమ్ము తిరిగి వచ్చుట కాదు, ఆ సొమ్ముపై పన్ను తప్పుట మాత్రమే. నూరు రూపాయలు వడ్డీ కట్టి ముప్పది రూపాయలు పన్ను తప్పించుకొన్నవాడు డెబ్బది రూపాయలు పోగొట్టుకొన్నవాడే.

ఇట్లు చెప్పినందున అప్పు చేసి ఇల్లు కొనరాదని నేననుచున్నట్లు తలంపవలదు. మా తండ్రిగారి తరమువారు ప్రావిడెంటు ఫండు చేతికందిన తరువాత గాని పునాది త్రవ్వలేదు; పిల్లలందరును అద్దె ఇండ్లలోనే పెరిగిరి. ఆ ఇబ్బంది నాకు బాగుగా జ్ఞాపకమున్నది. వడ్డీ చెల్లించువాడు అద్దె చెల్లించుట మానును. దానిని లెక్కనుండి తీసివేయుట న్యాయము కాదు. రూపాయి విలువయు నానాటికి తగ్గుచుండును. నేటి 26,992 రూపాయల బరువు, పదునైదేండ్ల తరువాత జీతము పెరిగిననాడు అంత తోచదు. కనుక 34 లక్షల వడ్డీ యంతయు నష్టమే యనువారితో నేను ఏకీభవింపను. ధర తెలిసి కొనుట వేరు, తెలియక కొనుట వేరు అనియే నా వాదము.

ఆ మధ్యాహ్నము మా మేనల్లుడు ముప్పది సంవత్సరముల కాగితమును మడిచి సంచిలో పెట్టుకొన్నాడు. తరువాత ఇరువది సంవత్సరముల గడువునకే అప్పు తీసికొన్నాడు. ఫ్లాటులో ఒక గది తగ్గించుకొన్నాడని మా చెల్లెలు నాపై కొంత కినుక వహించినది. 2025 లో రిపో రేటు మెట్టుమెట్టుగా దిగి డిసెంబరునకు 5.25 అయినది. కిస్తు తగ్గింతుమని బ్యాంకు నుండి కబురు రాగా, అతడు నాకు ఫోను చేసి, "పాత కిస్తే కడతాను, గడువే తగ్గించమని రాసిచ్చాను మామయ్యా" అన్నాడు. నేను మరియొక్క సంగతి చెప్పితిని. అప్పు పూర్తిగా తీరిన ముప్పది దినములలోగా ఇంటి దస్తావేజులను బ్యాంకు తిరిగి ఇయ్యవలెను. తన లోపముచేత ఆలస్యమైనచో దినమునకు 5,000 రూపాయల చొప్పున పరిహారము చెల్లింపవలెను. 2023 డిసెంబరు 1 నుండి ఇది రిజర్వు బ్యాంకు విధించిన నియమము. ఏయే దస్తావేజులు అప్పగించినాడో వాని జాబితాపై బ్యాంకు ముద్ర వేయించుకొన్నాడా యని అడిగితిని. వేయించుకొనలేదట. మరునాడే వెళ్ళి వేయించుకొని వచ్చినాడు.