కుక్కకు ప్రవేశం లేదు

"కుక్క బతుకు" అంటే మనకు తిట్టు. చార్లీ చాప్లిన్ దాన్నే సినిమాకు పేరుగా పెట్టుకున్నాడు. "ఎ డాగ్స్ లైఫ్" 1918లో విడుదలైన మూడు రీళ్ల మూకీ హాస్యచిత్రం. అప్పటికే చాప్లిన్ ఎనిమిది చిత్రాలకు పది లక్షల డాలర్ల ఒప్పందం చేసుకుని, హాలీవుడ్‌లో సొంత స్టూడియో కట్టుకున్న మహారాజు. అయినా ఏడేళ్ల ప్రాయంలో లండన్ పేదల శరణాలయంలో తిన్న కూడు మరచినట్లు లేదు.

కథానాయకుడు ఖాళీ జాగాలో కంచె పక్కన పడుకుని ఉంటాడు. కంచె కన్నంలోంచి చలిగాలి తగులుతోందని అందులో గుడ్డ కుక్కుతాడు. పైన ఆకాశమంతా తెరిచే ఉంది! ఇల్లు లేకపోయినా ఇంటి అలవాట్లు పోవు చూడండి.

తరువాత ఉద్యోగాలిచ్చే ఆఫీసు. ఈ ఘట్టానికి మా క్లాసు పిల్లలు బల్లలు చరిచి మరీ నవ్వారు. ఇతను కిటికీ దగ్గరికి చేరేలోపల ఇంకొకడు దూరతాడు. పక్క కిటికీకి పరుగెత్తితే అక్కడా అంతే. చివరకు కిటికీ ముఖం మీదే మూతపడుతుంది. బయట వీధిలో స్క్రాప్స్ అనే కుక్క నోటిదగ్గర కూటికోసం తక్కిన కుక్కలన్నీ దాని మీద పడి ఉంటాయి. చాప్లిన్ ఈ రెండూ పక్కపక్కన పెట్టి ఊరుకుంటాడు. చుట్టూ ఇంతమంది, కాస్త జరిగి చోటిచ్చేవాడు ఒక్కడు లేడు. పట్నంలో ఒంటరితనమంటే ఇదే కాబోలు.

ఆ కుక్కను ఎత్తుకుని పరుగెడతాడు. ఇక ఇద్దరు. ఫలహారాల బండివాడు (చాప్లిన్ అన్న సిడ్నీయే ఆ వేషం) తల తిప్పినప్పుడల్లా పళ్లెంలో ఒక కేకు మాయం. ఇది ఆకలిగొన్నవాడి దొంగతనం సుమా అని మనకు జ్ఞాపకం వచ్చేసరికి పళ్లెం ఖాళీ.

నాట్యశాలలో కుక్కకు ప్రవేశం లేదు. వదిలి వెళతాడా? తన వదులు ప్యాంటులో దాచేస్తాడు. వెనక చిరుగులోంచి తోక బయటికొచ్చి, ఊగుతూ, అక్కడున్న డోలు వాయిస్తుంది! ఇంద్రుడు రథం తెచ్చినా కుక్కను విడిచి ఎక్కనన్నాడు ధర్మరాజు. మహాప్రస్థానిక పర్వం పాఠం చెబుతూంటే ఇప్పుడు నాకు ఆ డోలు మోత కూడా వినిపిస్తోంది.

అక్కడి పాటకత్తె ఎడ్నా పర్వియన్స్. గిరాకీలను చూసి నవ్వాలని యజమాని ఆజ్ఞ. పాపం, ఆ నవ్వు ఆమెకు చేతకాదు.

దొంగలు పాతిపెట్టిన పర్సును కుక్క తవ్వి తీయడం, ఆ డబ్బుతో పల్లెలో పొలం కొనుక్కోవడం నాకంతగా రుచించలేదు. పట్నం మారలేదు, వీళ్లే వదిలిపోయారు. కాని ఆఖరున ఉయ్యాల తొట్టి ఒకటి ఉంది. ఆలుమగలు మురిసిపోతూ అందులోకి తొంగిచూస్తారు. లోపల స్క్రాప్స్, దాని పిల్లలూ!