పగ్‌కు మత్తు మాత్ర వేస్తే గొంతులో ఏం జరుగుతుంది?

"టపాసుల మోతకు మా పగ్ మంచం కింద దూరి వణికిపోతోంది. ఈ దీపావళికి మత్తు మాత్ర వేయొచ్చా?" అని ఒక పాఠకురాలు అడిగారు. పశువైద్యులు చూసి చెప్పకుండా వేయకండి. ఎందుకో తెలియాలంటే దాని గొంతులోకి తొంగిచూడాలి.

పగ్, బుల్‌డాగ్ వంటి చప్పిడిమూతి జాతుల్లో మూతి ఎముక కురచబారింది. లోపలి కండ, మెత్తటి అంగిలి మాత్రం ఆ మేరకు తగ్గలేదు. దారి ఇరుకైంది. గాలి సాఫీగా పారే గొట్టంలో కూడా వ్యాసార్థం సగమైతే అడ్డు 16 రెట్లవుతుంది! అందుకే కుక్క గాలిని బలంగా లాగాలి. లాగేకొద్దీ గొంతు మెత్తటి గోడలు, చిక్కటి లస్సీ పీల్చేటప్పుడు నొక్కుకుపోయే స్ట్రాలా, లోపలికి కుంగుతాయి.

మరి ఊపిరి ఎలా ఆడుతోంది? పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయంలో జోన్ హెండ్రిక్స్ బృందం ఇంగ్లిష్ బుల్‌డాగ్‌ల నిద్రను పరిశీలించి 1987లో ఫలితాలు ప్రచురించింది. కలలొచ్చే నిద్రలో వాటి రక్తంలో ఆక్సిజన్ పడిపోయేది. రొమ్ము ఎముక నుంచి నాలుక మొదట్లోని చిన్న ఎముక దాకా సాగే కండరం వాటిలో అతిగా శ్రమిస్తుందని ఆ పరిశోధనల్లో తేలింది. గొంతును తెరిచి ఉంచే పనిలో దానిదీ ఒక చెయ్యి. కలల నిద్రలో ఆ పట్టు సడలుతుంది. ఏళ్ల తరబడి శ్రమించిన ఆ కండరంలో దెబ్బతిన్న పోగులు కూడా కనిపించాయి. మనం ముద్దుగా నవ్వుకునే ఆ గురక వెనక ఇంత కష్టముంది.

మత్తు మందు సడలించేది సరిగ్గా ఆ పట్టునే. దీన్ని "ఈ జాతికి మందులు పడవు" అని సరిపెట్టేవాళ్లు కోలీ కుక్కల కథతో కలగలుపుతున్నారు. చాలా కోలీల్లో ఎండీఆర్1 అనే జన్యువులో లోపం వల్ల, పరాన్నజీవులను చంపే ఐవర్‌మెక్టిన్ మందు మెదడులోకి చేరిపోతుంది. ఆ సంగతి 2001లో బయటపడింది. పగ్‌కు ముఖ్యమైన చిక్కు జన్యువులో కాదు, గొంతులో ఉంది. పైగా ఏస్‌ప్రోమజీన్ అనే పాతకాలపు మత్తు మందు ఒళ్లు కదలనివ్వదు గానీ భయాన్ని పోగొట్టదు. మోతలు వింటూ, పారిపోలేక పడివుండే ఆ స్థితి నాకు క్రూరంగా తోస్తుంది.

అన్ని మందులూ ఒకటి కావు. ట్రాజడోన్‌ను ట్రిప్టోఫాన్‌తో కలిపి ఇచ్చినప్పుడు బుల్‌డాగ్‌ల నిద్రలో శ్వాస ఇబ్బందులు తగ్గాయని 1999లో ఒక అధ్యయనం చూపింది! ఏది, ఎంత అన్నది మీ కుక్క గొంతును, గుండెను పరీక్షించిన వైద్యులే తేల్చాలి. మాత్ర వేశాక మెలకువ పూర్తిగా వచ్చేదాకా పక్కనే ఉండండి.

మామూలు మాత్రలకైనా ముక్కు మూసి, తల వెనక్కి వంచి మింగించే మొరటు పద్ధతి మానండి. అసలే ఊపిరి చాలని జీవి అది. వైద్యులు వద్దనకపోతే పెరుగన్నం ముద్దలో పెట్టి తినిపించి, తర్వాత నీళ్లు తాగనివ్వండి. 2003 నాటి హచ్ మొబైల్ కంపెనీ ప్రకటన తర్వాత పగ్ మొహం ఇంటింటికీ తెలిసింది. ఆ కుక్కను అమ్మేవాళ్లు గొంతు సంగతి కూడా చెప్పి అమ్మాలి.