షష్టిపూర్తికి ఏ చీరె కట్టాలి?

గద్వాల: పెళ్లికూతురికి చీరె తేవడం తేలిక. వయసులో ఉన్న పిల్ల ఏది కట్టినా నప్పుతుంది. పెద్దాయనకు షష్టిపూర్తి చేస్తూ, ఆయన పక్కన పీటల మీద కూర్చునే ఇల్లాలికి చీరె తేవాలంటేనే ఇంటిల్లిపాదీ తలలు పట్టుకుంటారు. మొన్న ఎండాకాలం ఈ విలేఖరి ఇంట్లో అదే జరిగింది.

అక్కలిద్దరూ పట్నం నుంచి తళతళలాడే చీరె తెచ్చారు. దుకాణదారు అసలు పట్టు అన్నాడట. అమ్మ దాన్ని వేళ్ల మధ్య నలిపి చూసి పక్కన పెట్టింది. ‘‘మంట దగ్గర కూసునేది నేను, మీరు గాదు’’ అన్నది. కొంగు చివర దారం ఒకటి తెంపి దీపానికి పెడితే సంగతి బయటపడింది. దారం కరిగి, చల్లారాక గట్టి పూసలా మిగిలింది. పట్టు అయితే మెల్లగా కాలుతుంది, వెంట్రుకలు కాలిన వాసన వస్తుంది, బూడిద నలిపితే పొడి అవుతుంది. నూలుకు కాగితం కాలిన వాసన.

పోయింది డబ్బు ఒక్కటే అయితే సర్దుకోవచ్చు. షష్టిపూర్తినాడు హోమం ముందు చాలాసేపు కూర్చోవాలి. నిప్పు తగిలితే నూలు కూడా అంటుకుంటుంది. కాని పాలిస్టరు కరిగి ఒంటికి అతుక్కుంటుంది. అటువంటప్పుడు గుడ్డను లాగరాదు, చల్లని నీళ్లు పోసి ఆసుపత్రికి తీసుకుపోవాలి. పైగా అది చెమట పీల్చదు. మన ఎండల సంగతి పాఠకులకు చెప్పనక్కరలేదు.

చివరకు గద్వాలలో మగ్గం దగ్గరికే వెళ్లాం. పక్కనున్న సొమ్ము వదిలి ఊళ్లు తిరగడం మనకు అలవాటే కదా! గద్వాల చీరెకు ఒళ్లు నూలు, అంచూ కొంగూ పట్టు. ఒంటికి ఒక నాడె, రెండు పక్కలా అంచులకు వేరే నాడెలు నడుస్తాయి. ఒంటి పేక, అంచు పేక ఒకదానిలో ఒకటి చిక్కుకుని అతుకు పడుతుంది. అందుకే పని నిదానం, ధర ఎక్కువ.

చేనేతను గుర్తుపట్టడమెలాగో అక్కడి నేతగాడిని అడిగితే చీరె తిరగేసి చూపించాడు. అంచు పొడవునా సన్నటి సూది బెజ్జాలు ఉన్నాయి. నేతలో అక్కడక్కడా చిన్న తేడా ఉంటుంది. మరమగ్గం గుడ్డ అచ్చు గుద్దినట్లు ఉంటుంది. పట్టుకు 2004 నుంచి సిల్క్ మార్క్, చేనేతకు 2006 నుంచి హ్యాండ్లూమ్ మార్క్ వచ్చాయి. కొన్ని రకాల చీరెలు, పంచెలు చేనేతకే వదలాలని కేంద్రం 1985లో చట్టం చేసింది. అయినా గద్వాల పేరుతో మరమగ్గం చీరెలు సగం ధరకే అమ్ముతుంటే మగ్గం ఎన్నాళ్లు ఆడుతుందని ఆయన అడిగాడు. ఈ విలేఖరి దగ్గర జవాబు లేదు.

అమ్మ నేరేడుపండు రంగు ఎంచుకున్నది. నాన్నకు పంచెల జత తీసుకున్నాం. తిరుమల బ్రహ్మోత్సవాలకు ఏటా గద్వాల నుంచి జోడు పంచెలు వెళ్తాయి. ‘‘ఎంకన్నకు నప్పినయి నాకు నప్పవా?’’ అన్నాడు నాన్న.

ఆ తళతళల చీరె పెట్టె అడుగున ఉంది. దుకాణదారు వాపసు తీసుకోలేదు. అక్కలు బిల్లు అడగలేదు మరి.