తడబడితే అబద్ధమేనా?

నిజంగా హింస పడ్డ మనిషి జరిగిందంతా వరసగా, ఏడుస్తూ చెబుతుందని చాలామంది నమ్మకం. ఈ కొలత తప్పు. భయంతో బిగుసుకుపోయిన మనసు అన్నిటినీ ఒకేలా గుర్తుంచుకోదు. తలుపు గడియ పడిన చప్పుడు చెవిలోనే ఉంటుంది, అది ఏ వారమో గుర్తుండదు. చిన్న చిన్న తేడాలు పట్టుకుని బాధితురాలి సాక్ష్యాన్ని తోసిపుచ్చకూడదని 1996లో గుర్మీత్ సింగ్ అత్యాచార కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

అంతకంటే లోతుగా పాతుకున్న అపోహ, మెత్తగా చెబితే చిన్న విషయమేనని. హైదరాబాద్‌లోని కూకట్‌పల్లి హాస్టళ్లలో, అపార్ట్‌మెంట్లలో గోదావరి జిల్లాల నుంచి, పల్నాడు నుంచి, కరీంనగర్ నుంచి వచ్చినవాళ్లు పక్కపక్కనే ఉంటారు. ఒకామె "సతాయిస్తున్నడు" అంటుంది, ఇంకొకామె "ఆయన చెయ్యి చేసుకున్నారు" అంటుంది. కొట్టినవాడికి కూడా గౌరవవాచకమే! "ఇంకా మర్యాదగానే మాట్లాడుతోందే" అని వినేవాళ్లు తేలిగ్గా తీసుకుంటారు. కానీ రాత్రికి ఆమె తిరిగి వెళ్లాల్సింది ఆ ఇంటికే. ఆ మర్యాద ఆమెకు అలవాటు, ఒక్కోసారి రక్షణ కూడా. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం దేశంలో శారీరక లేదా లైంగిక హింసకు గురైన స్త్రీలలో సాయం కోరినవాళ్లు 14 శాతమే. అన్ని అడ్డంకులు దాటి వచ్చిన మాట మెత్తగా ఉందని పక్కన పెడతామా?

"గ్యాస్‌లైటింగ్" (మనిషికి తన జ్ఞాపకం మీదే అనుమానం పుట్టించడం) లాంటి మాట వాడితే ఎవరో నేర్పారంటారు. నేర్పితే తప్పేముంది? 2013 చట్టం ప్రకారం పని చోట లైంగిక వేధింపులపై ఉద్యోగులకు అవగాహన కల్పించాల్సింది యాజమాన్యాలే. ఆఫీసులోనో, స్నేహితుల దగ్గరో పేరు తరవాత తెలిసినంత మాత్రాన అనుభవం కల్పితమైపోదు. 2005 గృహహింస చట్టం వచ్చాకే కదా, ఇంట్లో పడే అవమానాలనూ, పిల్లలు లేరన్న దెప్పిపొడుపులనూ హింస అనగలిగింది!

అలాగైతే తప్పుడు ఫిర్యాదుల మాటేమిటన్నది న్యాయమైన ప్రశ్నే. నిందితుడికీ హక్కులున్నాయి. అయితే తడబాటు అబద్ధానికి రుజువు కానట్టే, కన్నీళ్లు నిజానికి రుజువు కావు. తేల్చాల్సింది వైద్య నివేదికలూ, మెసేజ్‌లూ, సాక్షులూ. ఆధారాలను వదిలి మనిషినే తూచడం కొత్త కాదు: 1978లో హైదరాబాద్ నల్లకుంట పోలీస్ స్టేషన్‌లో ఒక మహిళపై జరిగిన అత్యాచారంపై విచారణలో పోలీసుల తరఫువాళ్లు జరిగిన దారుణాన్ని వదిలి బాధితురాలి శీలాన్ని బోనెక్కించారు. ముందు చెప్పింది చెప్పినట్టు వినాలి. పిల్లలపై లైంగిక నేరాల విషయంలో వాంగ్మూలాన్ని బిడ్డ చెప్పిన మాటల్లోనే రాయాలని 2012 పోక్సో చట్టం ఆదేశిస్తోంది. పెద్దవాళ్ల విషయంలోనూ అదే మంచి పద్ధతి. "చెయ్యి చేసుకున్నారు" అంటే అలాగే రాసి, "అంటే ఏం చేశారమ్మా?" అని అడగాలి. జవాబు వచ్చేదాకా ఆగాలి.