విషవాయువును ఉప్పుగా మార్చు సూక్ష్మజీవి : ఒక ఎంజైము పేరులోని అర్థము

గత నెలలో ఒక గృహిణి వ్రాసిన జాబు నా ముందున్నది. ఆమె కుమారునకు పదునెనిమిదేండ్లు. టైఫాయిడ్ అని రక్తపరీక్షలో తేలినది. డాక్టరు వ్రాసిచ్చిన మందుతో నాల్గవ దినమునకు జ్వరము దిగినది. మిగిలిన దినములకు సరిపడు మందు ఇంటిలోనే యున్నది. ఇంతలో వ్యాయామశాలకు వచ్చు మిత్రుడొకడు, “నైట్రిక్ ఆక్సైడు అని మన ఒంట్లోనే పుడుతుంది, అది క్రిముల్ని చంపేస్తుంది. అది పెరగాలంటే రోజూ బీట్‌రూట్ రసం తాగితే చాలు, ఇంక ఆ మందులెందుకు?” అని చెప్పెనట. కుర్రవాడు మందు మానెదనని పట్టుపట్టినాడు. “మీరు ఆయుర్వేద వైద్యులు కనుక మా వాడి మాటే సరి అంటారేమో, తెలియజేయండి” అని ఆ తల్లి వ్రాసినది.

సరి యనలేను. మందు ఆపవద్దని ఆ దినమే ఫోను చేయించితిని. అయితే కారణము ఫోనులో చెప్పి ముగించదగినది కాదు. ఇట్టి సలహాలు మన ఇండ్లలో విరివిగా తిరుగుచున్నవి గనుక, దానిని ఇక్కడ వివరముగా వ్రాయుచున్నాను.

ఆ మిత్రుని మాటలో సగము సత్యమే. నైట్రిక్ ఆక్సైడు అనగా ఒక నత్రజని పరమాణువు, ఒక ఆమ్లజని పరమాణువు కూడిన వాయువు. దంతవైద్యులు మత్తు కొరకు వాడు నైట్రస్ ఆక్సైడు వేరు. అందులో నత్రజని పరమాణువులు రెండు. పేర్లు దగ్గరగా నున్నందున చదువుకొన్నవారు సైతము ఒకదానికి బదులు మరియొకటి చెప్పుచుందురు. మన రక్తనాళముల లోపలి పొర ఈ నైట్రిక్ ఆక్సైడును అత్యల్పముగా పుట్టించి నాళములను సడలించుచుండును. గుండెనొప్పి గలవారు నాలుక క్రింద ఉంచుకొను బిళ్ళ మేలుచేయునది ఈ వాయువు ద్వారానే. రక్తప్రసరణలో ఇది సందేశవాహకమని కనుగొన్నందులకు ఫర్చ్‌గాట్, ఇగ్నారో, మురాద్ అను మువ్వురు శాస్త్రజ్ఞులకు 1998లో నోబెల్ బహుమానము లభించినది.

శరీరము దీనిని ఆయుధముగా కూడ వాడుకొనును. రక్తములోను కణజాలములోను సంచరించు భక్షకకణములు సూక్ష్మజీవులను మ్రింగి, ఆర్జినిన్ అను అమైనో ఆమ్లము నుండి నైట్రిక్ ఆక్సైడును అధికముగా తయారుచేసి వానిపై వదలును. ఆ వాయువు సూక్ష్మజీవి లోపల ఇనుముతో కూడిన ప్రోటీనులను పట్టుకొని చెరచును. దాని శ్వాసక్రియను స్తంభింపజేయును. వ్యాయామశాల మిత్రునకు తెలిసినది ఇంతవరకే. కథ ఇక్కడనే ముగిసియున్నచో మనకు ఇన్ని జ్వరములు రాకపోవును. సూక్ష్మజీవి చేతులు కట్టుకొని కూర్చుండదు. దానివద్ద ఈ వాయువునకు విరుగుడుగా ఒక ఎంజైము కలదు. ఈ వ్యాసము దానిని గురించియే.

ఎంజైము గుణము తెలియవలెనన్న దాని పేరును విప్పి చూచుట సులభమార్గము. గురుకులములో మేము నిఘంటువు వల్లించునపుడు, మా గురువుగారు ఒక్కొక్క ఓషధి పేరుకు వ్యుత్పత్తి చెప్పించుకొననిదే తరువాతి శ్లోకమునకు పోనిచ్చెడివారు కారు. తిప్పతీగకు ఛిన్నరుహ అని పేరు. కోసి పారవేసినను మరల మొలచునది. వత్సాదని, దూడలు ఇష్టముగా తినునది. కుండలిని, చుట్టలు చుట్టుకొని ప్రాకునది. కొన్ని పేర్లు రూపమును బట్టి వచ్చును, కొన్ని పనిని బట్టి వచ్చును. ఈ ఎంజైము విషయములోను సరిగా అట్లే జరిగినది.

1991లో వాసుదేవన్, పూల్ మొదలగు శాస్త్రజ్ఞులు మన ప్రేగులలో నివసించు ఎషెరీషియా కోలై అను సూక్ష్మజీవిలో వేరొక ఎంజైము యొక్క జన్యువును వెదకుచుండగా, అనుకొనకుండ ఒక వింత ప్రోటీను యొక్క జన్యువు దొరికినది. దానిలో ఒక భాగము మన రక్తములోని హీమోగ్లోబిన్‌ను పోలియున్నది! రక్తమే లేని ఏకకణజీవిలో రక్తవర్ణకమును పోలిన పదార్థమేల? రెండవ భాగములో ఫ్లేవిన్ కలదు. దీనికి ఫ్లేవోహీమోగ్లోబిన్ అను పేరు స్థిరపడినది. లాటిన్ భాషలో ఫ్లేవస్ అనగా పసుపుపచ్చనిది. గ్రీకులో హైమా అనగా రక్తము. ఫ్లేవిన్ అనగా మనకు క్రొత్తది కాదు. బి-కాంప్లెక్సు బిళ్ళ మ్రింగినపుడు మూత్రము చిక్కని పసుపుగా వచ్చుట అందరెరిగినదే. ఆ రంగునిచ్చు రైబోఫ్లేవిన్, అనగా విటమిన్ బి-2, నుండియే ఎంజైములలోని ఈ ఫ్లేవిన్ తయారగును.

ఇది రూపమును బట్టి వచ్చిన పేరు. పని మాత్రము చాలకాలము తెలియలేదు. 1998లో అమెరికాలో పాల్ గార్డ్‌నర్ బృందము దాని పనిని నిరూపించి, నైట్రిక్ ఆక్సైడ్ డయాక్సిజనేస్ అను పేరు నిచ్చినది. నైట్రిక్ ఆక్సైడునకు నోబెల్ బహుమానము వచ్చిన సంవత్సరముననే దానికి విరుగుడైన ఎంజైము పని కూడ బయటపడుట చిత్రము.

ఈ పేరును కుడివైపు నుండి విప్పవలెను. చివర ‘ఏస్’ అని యుండినచో అది ఎంజైము అని గుర్తు. 1833లో మొలకెత్తిన యవల నుండి తీసిన డయాస్టేస్ పేరు నుండి ఈ వాడుక పుట్టినది. ‘ఆక్సిజన్’ అనగా ఆమ్లజని. ‘డయ్’ అనగా రెండు. అనగా నైట్రిక్ ఆక్సైడునకు రెండు ఆమ్లజని పరమాణువులను జతచేయు ఎంజైము అని అర్థము. నైట్రిక్ ఆక్సైడులో ఆమ్లజని ఒకటి యున్నది. మరి రెండు చేరినచో మూడగును. ఒక నత్రజని, మూడు ఆమ్లజనులు కూడినది నైట్రేట్. విషవాయువు పోయి, నీటిలో కరిగి నిరపాయముగా నుండు లవణభాగము మిగిలినది.

నైట్రేట్ మన వైద్యమునకు పరిచితమే. సూర్యక్షారము, అనగా పెట్లుప్పు, పొటాషియము నైట్రేటే గదా. పటికను, నవసాగరమును చేర్చి దానితో శ్వేతపర్పటి చేసి మూత్రకృచ్ఛ్రములో వాడుట మా గురువుగారి వద్ద నేర్చినదే. బాణసంచాలో ప్రేలుడునకు తోడ్పడునదియు అదే క్షారము. ఒకే నత్రజని ఎన్ని వేషములు వేయునో చూడుడు!

శాస్త్రజ్ఞుల పట్టికలో ఈ ఎంజైమునకు ఇంకను దీర్ఘమైన నామము కలదు: నైట్రిక్ ఆక్సైడ్, ఎన్.ఎ.డి.పి.హెచ్. : ఆక్సిజన్ ఆక్సిడోరిడక్టేస్. చూచుటకు భయము గొల్పినను ఇది మన పెండ్లి శుభలేఖ వంటిది. ఎవరి వారెవరు, ఎవరికి ఎవరిని ఇచ్చుచున్నారు అను వివరము మాత్రమే. నైట్రిక్ ఆక్సైడు, ఎన్.ఎ.డి.పి.హెచ్. అను రెండు పదార్థములు ఇచ్చు పక్షము. ఆమ్లజని పుచ్చుకొను పక్షము. ఎన్.ఎ.డి.పి.హెచ్. అనునది కణములో శక్తిని మోయు పదార్థము. దానికి బదులు ఎన్.ఎ.డి.హెచ్. అను సోదరపదార్థమును కూడ ఈ ఎంజైము స్వీకరించును. రెండు నైట్రిక్ ఆక్సైడు అణువులను, రెండు ఆమ్లజని అణువులను నైట్రేటుగా మార్చుటకు ఇట్టి అణువు ఒకటి ఖర్చగును.

సంఖ్య కూడ కలదు: 1.14.12.17. 1961 నుండి ఎంజైములకు ఇట్టి సంఖ్య లిచ్చుచున్నారు. మన పిన్‌కోడు వలెనే ఎడమనుండి చదువుకొనవలెను. 1 అనగా ఆక్సీకరణము, క్షయకరణము జరుపు ఎంజైముల తరగతి. 14 అనగా అందులో ఆమ్లజని అణువును పాల్గొనజేయు శాఖ. 12 అనగా రెండు ఆమ్లజని పరమాణువులను ఒకే పదార్థములో చేర్చు ఉపశాఖ. 17 వరుస సంఖ్య. ప్రాంతమును బట్టి ఒక్కొక్కరు ఒక్కొక్క పేరు పెట్టుకొన్నను ఈ సంఖ్య చెప్పిన ఎడల ప్రపంచములో ఎచ్చటనైనను ఇదే ఎంజైము. ఒకే పేరుతో మూడు వేర్వేరు మూలికలు అమ్ముడుపోవు మన మూలికల బజారునకు ఇట్టి ఏర్పాటు ఎప్పుడు కలుగునో!

ఇక పనితీరు. మన హీమోగ్లోబిన్ సైతము ఆమ్లజనిని పట్టుకొనియున్నపుడు నైట్రిక్ ఆక్సైడును నైట్రేటుగా మార్చగలదు. కాని ఒకసారి మార్చినంతనే దానిలోని ఇనుము స్థితి మారి, ఆమ్లజనిని మోయలేని మెట్‌హీమోగ్లోబిన్ అగును. దానిని సరిచేయుటకు ఎఱ్ఱకణములో వేరొక ఎంజైము రావలెను. సూక్ష్మజీవి ప్రోటీనులో ఆ సహాయకుడు పక్కనే అతుకబడియున్నాడు. పసుపుభాగమైన ఫ్లేవిన్ ఎలక్ట్రానులను తెచ్చి ఎఱ్ఱభాగములోని ఇనుమును తత్క్షణమే పూర్వస్థితికి తెచ్చును. ఎఱ్ఱభాగము మరల ఆమ్లజనిని పట్టుకొనును, మరల వాయువును మార్చును. పసుపు, ఎఱుపు ఒకే ప్రోటీనులో జంటగా నుండుటకు కారణమిదే. ఆమ్లజని లేనిచోట మాత్రము దీని బలము బహుస్వల్పము. అట్టి తావుల కొరకు ఎషెరీషియా కోలై ఫ్లేవోరుబ్రెడాక్సిన్ అను వేరొక ప్రోటీనును ఉంచుకొన్నది.

మరియొక విశేషము. ఈ ఎంజైమును సూక్ష్మజీవి ఎల్లప్పుడును విస్తారముగా తయారుచేయదు. దాని జన్యువుపై ఎన్.ఎస్.ఆర్.ఆర్. అను కావలి ప్రోటీను కూర్చుండి తలుపు మూసియుంచును. నైట్రిక్ ఆక్సైడు వచ్చి ఈ కావలివానిలోని ఇనుము-గంధక భాగమును తాకగానే వాడు తొలగిపోవును, తలుపు తెరచుకొనును, ఎంజైము తయారగును. తనను చంపవచ్చిన వాయువే సూక్ష్మజీవికి హెచ్చరిక యగుచున్నదన్నమాట. ఇంత జాగ్రత్త ఏల యనగా, వాయువు లేని సమయమున ఈ ఎంజైము ఎక్కువగా నున్నచో అది ఆమ్లజనిని సూపరాక్సైడు అను తీక్ష్ణపదార్థముగా మార్చి సూక్ష్మజీవికే కీడు చేయును.

ఇది ప్రయోగశాలలోని ముచ్చట మాత్రమే యని అనుకొనరాదు. టైఫాయిడ్ కలిగించు సాల్మొనెల్లాకు సోదరజాతియైన టైఫిమ్యూరియం అను సాల్మొనెల్లాపై పరిశోధనలు జరిగినవి. ఈ ఎంజైము లేకుండ చేసిన సాల్మొనెల్లాను మానవ భక్షకకణములు సులభముగా చంపగలిగినవి. ఎలుకలలో కూడ అట్టి సూక్ష్మజీవి రోగము కలిగించు శక్తిని కోల్పోయినది. తరువాత ఆ ఎలుకలలో నైట్రిక్ ఆక్సైడు పుట్టకుండ అడ్డగించిరి. అంతట ఆ బలహీన సూక్ష్మజీవి మరల విజృంభించినది. వాయువునకు, ఎంజైమునకు మధ్య జరుగు పోరు ఎంత నిజమో దీనివలన స్పష్టమగుచున్నది.

అట్లయిన ఆ ఎంజైమునే అడ్డగించు మందు చేయరాదా యని మీరడుగవచ్చును. మైకొనజోల్ మొదలగు శిలీంధ్రనాశక ఔషధములు ఈ ఎంజైములోని ఎఱ్ఱభాగమునకు అతుకుకొని దాని పని చెరచునని ప్రయోగశాలలో కనుగొన్నారు. అంతమాత్రమున చర్మమునకు రాయు ఆ మందు టైఫాయిడ్‌కు మందు కాజాలదు.

ఇప్పుడు ఆ తల్లి ప్రశ్నకు వత్తును. బీట్‌రూట్‌లో నైట్రేట్ సమృద్ధిగా నుండుట నిజము. నాలుకపై నివసించు సూక్ష్మజీవులు దానిని నైట్రైట్‌గా మార్చగా, దాని నుండి శరీరములో కొంత నైట్రిక్ ఆక్సైడు పుట్టుటయు నిజము. దానివలన రక్తపుపోటు కొంచెము తగ్గవచ్చును. అయితే టైఫాయిడ్ క్రిమి దాగియుండునది భక్షకకణముల లోపలనే. ఆ కణములు తమ సొంత ఆర్జినిన్‌తో వాయువును అక్కడికక్కడే గుప్పించుచున్నను తట్టుకొని బ్రతుకు నేర్పు సాల్మొనెల్లాకు కలదు. ఇక గ్లాసెడు రసము వలన నాళములలో కలుగు స్వల్పమైన హెచ్చు దానిని ఏమి చేయగలదు? డాక్టరు ఇచ్చు మందు కొట్టు చోటు వేరు. అజిత్రోమైసిన్ క్రిమి ప్రోటీనులను తయారుచేయు యంత్రమును ఆపును. సెఫ్ట్రియాక్సోన్ దాని గోడ కట్టుకొననీయదు. ఆ దెబ్బలకు ఈ ఎంజైము విరుగుడు కాదు.

నైట్రిక్ ఆక్సైడు మన ప్రాచీనులకు ముందే తెలియునని చెప్పువారు మన వైద్యులలో కొందరు కలరు. నేను చదివిన సంహితలలో నాకది కనబడలేదు. జ్వరములో లఘ్వాహారము, విశ్రాంతి, కాచి చల్లార్చిన నీరు ఎంత ముఖ్యమో మాత్రము వారు మిక్కిలి చక్కగా చెప్పినారు. ఆ భాగమును ఇంటివారు శ్రద్ధగా పాటింపవలెను. తిప్పతీగ కషాయము నేను జ్వరము పూర్తిగా నయమైన పిమ్మట, నీరసము కొరకు, మనిషిని పరీక్షించి ఇచ్చుచుందును. టైఫాయిడ్ మందునకు బదులుగా ఎన్నడును ఇవ్వను.

జ్వరము నాల్గవ దినమున దిగుట మందు పనిచేయుచున్నదనుటకు గుర్తు. క్రిమి నశించినదనుటకు గుర్తు కాదు. మధ్యలో మానినవారికి రెండు మూడు వారములకు జ్వరము తిరుగబెట్టవచ్చును. అంతకన్న భయంకరమైనది ప్రేగులలో పుండ్లు పడి రక్తస్రావము కలుగుట, ప్రేగునకు రంధ్రము పడుట. ఇది రోగము మూడవ వారమున ఎక్కువగా సంభవించును. హఠాత్తుగా కడుపునొప్పి తీవ్రమైనను, విరేచనము నల్లగా గాని ఎఱ్ఱగా గాని వచ్చినను క్షణమాలస్యము చేయక ఆసుపత్రికి కొనిపోవలెను.

ఈ కారణము చేతనే బీట్‌రూట్ గురించి ఇంకొక మాట. ఆరోగ్యవంతులు కూరగా, రసముగా తినుటకు అభ్యంతరము లేదు. కాని అది తిన్నవారికి మూత్రము గులాబివర్ణముగా, విరేచనము ఎఱ్ఱగా రావచ్చును. టైఫాయిడ్ రోగి ఇంటిలోనున్న ఆ మూడు నాలుగు వారములు రోగికి బీట్‌రూట్ పెట్టవద్దు. ఎఱుపు కనబడినపుడు అది దుంప రంగో, రక్తమో తేల్చుకొనుటకు ఇంటిలో ఉపాయము లేదు.